అగరొత్తుల పొగలో అమ్మ

తైపే,
1979 మార్చి 4

అక్కా,

నాయన పోయినాడు. నవంబరులో. ఊపిరితిత్తుల జబ్బు. అప్పుడే జాబు రాసినాను. నీ నుంచి జవాబు లేదు గనుక మళ్లీ రాస్తున్నాను. ఇక్కడ మిలిటరీ చట్టం నడుస్తోంది. బయటి దేశాల జాబులు విప్పి చూస్తారు. మన అక్షరాలు చదవగలిగినవాడు ఆ ఆఫీసులో లేడు. చదవలేని జాబును పంపాలన్నా భయమే, చించాలన్నా భయమే. అందుకని పక్కన పెడతారు.

నంద్యాలలో నాయనకు ఉన్న పేరు ఇక్కడ రాలేదు. అక్కడ ఆయన ఒక్కడే చైనా పళ్ల డాక్టరు. కోయిలకుంట్ల నుంచి కూడా బండ్లు కట్టుకొని వచ్చేవాళ్లు. ఇక్కడ అందరూ చైనావాళ్లే, పళ్ల డాక్టర్లు వీధికి నలుగురు. చివరి దినాల్లో తెలుగులో మాట్లాడినాడు. నర్సులకు అర్థం కాలేదు. "నోరు తెరువప్పా" అన్నాడు ఒకసారి, ఎవరితోనో.

నా పని అడిగినావు. సినిమా కంపెనీలో స్క్రిప్టులకు నకళ్లు రాసే గుమాస్తాగా చేరి, ఇప్పుడు నేనే కథలు, మాటలు రాస్తున్నాను. అన్ని సినిమాల్లోనూ వాన పడుతుంది, అన్నిట్లోనూ హీరోయిన్‌కు జబ్బు చేస్తుంది. నా పేరు కొన్నిట్లో వేసినారు, కొన్నిట్లో వేయలేదు. వేయని వాటికి నాకు బాధ లేదు.

అమ్మ గురించి నువ్వు "బాగుంది" అని ఒక్క ముక్క రాసి ఊరుకుంటావు. పోనీలే. బండి దిగిపోయిన మనిషి గురించి నేను అంతకంటే ఎక్కువ అడగకూడదేమో.

నాయన పెట్టెలో అమ్మ పెట్టిన తెలుగు బైబిలు నా దగ్గరే ఉంది. దాన్ని చదివే ఈ నాలుగు ముక్కలు మరిచిపోకుండా ఉన్నాను.

తమ్ముడు
యోహాను


ఆళ్లగడ్డ,
1979 జూన్ 17

యోహానూ,

నీ రెండు జాబులూ ఒకే దినం వచ్చినాయి. నవంబరుది వేసవి సెలవులు అయిపోయినాక చేరింది. నాయన పోయి అన్ని నెలలైనా అమ్మ ఇక్కడ ప్రతి ఆదివారం ఆయన ఆరోగ్యం కోసం ప్రార్థన చేయించింది. ఆ సంగతి నువ్వు తెలుసుకోవాలి.

జాబు చదివి వినిపించినప్పుడు అమ్మ వరండాలో నాయన కుర్చీ తుడుస్తూ ఉంది. ఆ పళ్లు పీకే కుర్చీని నంద్యాల నుంచి నా ఇంటికి ఎద్దుల బండి మీద తెచ్చుకుంది, ఎంత చెప్పినా అమ్మలేదు. జాబు విని తుడవడం పూర్తి చేసింది. మరుసటి దినం పొద్దున బస్సుకు నంద్యాల పోయి, చర్చిలో చావుగంట కొట్టించమని అయ్యగారిని అడిగింది. ఎవరు పోయినారని అడిగితే "నా మొగుడు" అంది. ఎప్పుడు అంటే "పోయిన నవంబరులో". అయ్యగారు కొట్టించినాడు. రోడ్డు మీద జనం నిలబడి చూసినారు.

ఇక నీ రెండో మాట. బండి దిగిపోయిన మనిషి అంటే ఏమి? ఆ ముక్క అమ్మకు చదవలేదు. మీరు పోయిన దినం నేను మిషనాసుపత్రిలో టైఫాయిడుతో ఒళ్లు తెలియకుండా పడి ఉన్నాను. తెలివి వచ్చేసరికి మంచం పక్కన అమ్మ ఉంది. నువ్వు, నాయన లేరు. నాకు తెలిసింది అంతే. నాకు తెలియని దాన్ని పట్టుకొని అమ్మను దెప్పేటట్టయితే జాబులు రాయొద్దు. దెప్పాలనుంటే వచ్చి ఎదురుగా దెప్పు. పద్నాలుగేళ్లయింది.

మీ బావ సామ్యేలు బస్సులో టిక్కెట్లు కొడుతూ "మా బామ్మర్ది సినిమావాడు" అని అందరికీ చెప్తాడు. "యా సినిమా? ఎగిరెగిరి తన్నుకునేదేనా?" అంటారంట. వాన పడే సినిమా అని చెప్పమన్నాను.

నీ తెలుగు నిజంగానే బైబిలు మాదిరి ఉంది.

లీలావతి


తైపే,
1983 జనవరి 20

అక్కా,

"వచ్చి ఎదురుగా దెప్పు" అని రాసినావు. దానికి జవాబు రాయకుండా ఇన్నేళ్లు ఊరుకున్నది కోపం చేతనే. ఎట్ల రావాలో నువ్వే చెప్పు. ఇక్కడ ఇండియా ఆఫీసు లేదు. మీ సర్కారు లెక్కలో ఈ దేశమే లేదు. చైనాతో యుద్ధం తర్వాత నాయనను నంద్యాల పోలీసు స్టేషనులో వారం వారం వేలిముద్ర వేయించి, చివరికి దేశం విడిచిపొమ్మని నోటీసు ఇచ్చింది నేను కాదు. ఆ నోటీసులో నా పేరు కూడా ఉంది. నీకు ఎగతాళిగా ఉంటుందేమో, నాకు లేదు.

ఇప్పుడు పని మాట. నాకు సినిమా డైరెక్టు చేసే అవకాశం వచ్చింది. వాన సినిమాలు చూసి చూసి జనం విసిగినారు, కంపెనీ నష్టాల్లో ఉంది, కొత్తవాళ్లకు తక్కువ ఖర్చుతో ఇచ్చి చూద్దామనుకున్నారు. ఏ కథ కావాలంటే అది తీయమన్నారు. ఒక పళ్ల డాక్టరు, ఆయన కొడుకు, పరాయి ఊరు. స్క్రిప్టు నేనే రాస్తున్నాను. దక్షిణాన చెరుకు తోటల మధ్య ఒక ఊరు చూసినాను, ఎండలో దాని రోడ్లు నంద్యాల మాదిరే ఉంటాయి.

రెండు కావాలి. ఒకటి, అమ్మ ఫోటో, పెద్దది, మొహం స్పష్టంగా. రెండు, నాయన పళ్లు పీకేటప్పుడు అమ్మ వెనక నిలబడి రోగి తల పట్టుకొని ఏదో అనేది. వాడు నవ్వేవాడు. ఆ నవ్వులోనే నాయన పీకేవాడు. ఏమనేదో ఒక్క మాట కూడా నాకు గుర్తు రావడం లేదు. అమ్మను అడిగి రాయి.

యోహాను


ఆళ్లగడ్డ,
1983 మార్చి 9

యోహానూ,

నీ జాబు నాకు కోపం తెప్పించింది, అమ్మకు సంతోషం. సంతోషానికే మొదట జవాబు.

ఫోటో ఇందులో పెట్టినాను. నంద్యాలలో స్టూడియోకు పోయి తీయించినాము. నాయన కొనిచ్చిన పచ్చ అంచు చీర కట్టింది, కనకాంబరాలు పెట్టింది. ఫోటో తీసే ఆయన కూర్చోమంటే "కూసోను. నా పని నిలబడి చేసేది" అంది. చివరికి నడుము వరకే తీసినాడు గనుక నిలబడిందో కూర్చుందో తెలియదు.

అమ్మ చెప్పిన మాటలు: శిరివెళ్ల బుడేన్ మామ గుర్తున్నాడా, ఆగకుండా మాట్లాడేవాడు? ఆయన తల పట్టుకొని "మామా, పన్ను పోయినాక గూడ మాట్లాడతావా? ఊరు ఊపిరి పీల్చుకుంటాదనుకుంటిమే" అందంట. ఇంకొకామె భర్త మీద చాడీలు చెప్తూ వస్తే "నొప్పి పంటిదా, మొగునిదా? మా డాక్టరు ఒకటే పీకుతాడు" అందంట. ఇట్లాంటివి ఇంకో కాగితం నిండా రాసినాను. రాస్తున్నంతసేపూ అమ్మ నా తల పట్టుకొని చేసి చూపించింది. నా జడ ఊడిపోయింది.

అమ్మ అడగమన్నవి: "నా యేషం ఎవరేస్తాండారు? పొడుగు మనిషేనా? రోగి తల పట్టుకునేటప్పుడు బొటనవేళ్లు చెవుల వెనక ఉండల్లని చెప్పు. ముందర పెడితే కరుస్తారు."

చర్చిలో అందరికీ చెప్పింది. సినిమా కోసం ప్రార్థన చేయడం సబబేనా అని అయ్యగారు ఒక వారం ఆలోచించి, చేసినాడు.

ఇక కోపం. ఎగతాళిగా ఉందని నేనెప్పుడు రాసినాను? నేనన్న మాటకు జవాబు చెప్పు, అనని మాటకు కాదు.

లీలావతి


తైపే,
1985 నవంబరు 11

అక్కా,

సినిమా పేరు "పళ్ల డాక్టరు కొడుకు". ఇక్కడ హాల్లో ఒక వారం ఆడి తీసేసినారు. ఆ తర్వాత ఒక పరాయి దేశపు పోటీలో బహుమతి వచ్చింది. దాంతో మళ్లీ వేసినారు, ఈసారి జనం వచ్చినారు. పోయినసారి "ఇందులో కథే లేదు" అని రాసిన పత్రికలు ఇప్పుడు "ఇందులో కథ లేకపోవడమే గొప్ప" అని రాస్తున్నాయి. ఇంకో సినిమాకు ఒప్పుకున్నారు.

అమ్మ ఫోటో మొదటి షాటులోనే ఉంది. అమ్మ మాటలు సినిమా పొడుగునా ఉన్నాయి. జనం ఆ మాటలకే నవ్వుతారు.

జనవరిలో హైదరాబాదులో జరిగే సినిమా పండుగకు ప్రింటు పోతోంది, హాంగ్‌కాంగ్ మీదుగా. రేకు డబ్బాకు వీసా అక్కరలేదు, నాకు కావాలి. మీరు అంత దూరం పోయి చూడాల్సిన పని లేదు. అమ్మకు ప్రయాణం కష్టం. సినిమా నెమ్మదిగా ఉంటుంది, నిద్ర వస్తుంది. చూడొద్దనే నా మాట.

యోహాను


ఆళ్లగడ్డ,
1986 జనవరి 29

యోహానూ,

చూసినాము. జరిగింది జరిగినట్టు రాస్తాను.

నువ్వు వద్దన్నది మొహమాటం అనుకున్నాము. "నన్ను తెర మీద చూసి నేను ఏడుస్తానని వానికి భయం" అంది అమ్మ. మీ బావ సెలవు పెట్టినాడు. ముగ్గురం పోయినాము. అమ్మ ఆ పచ్చ అంచు చీరే కట్టింది.

హాలు సగం నిండింది. తెర కింద ఇంగ్లీషులో మాటలు పడుతున్నాయి. నేను చదివి అమ్మ చెవిలో తెలుగులో చెప్తున్నాను. మొదటి బొమ్మ అమ్మ ఫోటో. "అది నేనే" అంది అమ్మ, అందరికీ వినబడేట్టు. ముందు వరసలో ఒకాయన వెనక్కి తిరిగి నవ్వినాడు. కెమెరా వెనక్కి జరిగింది. ఫోటో ముందు ఇసుక గిన్నె, దాంట్లో గుచ్చిన అగరొత్తులు, పొగ. ఒక పిల్లవాడు మోకాళ్ల మీద కూర్చొని దండం పెట్టినాడు.

"ఆ పొగ యాల?" అంది.

"వాళ్ల పద్ధతి లేమ్మా" అన్నాను.

ఒక ముసలామె వచ్చి పిల్లవాడిని, మీ అమ్మ పోయి ఎన్నేళ్లని అడిగింది. వాడు చెప్పిన జవాబు నేను అమ్మకు చెప్పలేదు. అక్షరాలు తొందరగా పోయినాయని అబద్ధం చెప్పినాను.

తర్వాత పళ్లు పీకే సీను. డాక్టరు పట్టకారు పట్టుకున్నాడు. రోగి తల పట్టుకున్నది ఆ పిల్లవాడు. బొటనవేళ్లు చెవుల వెనక. "పన్ను పోయినాక కూడా మాట్లాడతావా? ఊరు ఊపిరి పీల్చుకుంటుందనుకున్నామే" అన్నాడు వాడు. హాలంతా నవ్వింది. అమ్మ మాటను నేను ఇంగ్లీషులో చదివి, తెలుగు చేసి, మళ్లీ అమ్మకే చెప్పాల్సి వచ్చింది.

"అది నేను బుడేన్‌తో అన్న మాట గదా. ఈ పిల్లోడంటాడేంది? నేను యాడుండా?"

నేను తెర మీది తర్వాతి మాట చదవబోయినాను.

"లీలా, నిజం చెప్పు. దీంట్లో నేను సచ్చిపోయినానా?"

"ఊఁ."

చివరిదాకా కూర్చుంది. లేద్దామంటే లేవలేదు. బయటికి వచ్చినాక ముందు వరస ఆయన దగ్గరికొచ్చి, "మీరెవరమ్మా?" అని మర్యాదగా అడిగినాడు. "ఎవరూ గాదప్పా. సచ్చిపోయినదాన్ని" అంది.

సినిమాలో డాక్టరుకు కూతురు కూడా లేదు. దాని గురించి నేను అడగను. అమ్మ గురించి అడుగుతున్నాను. ఫోటో కావాలంటే పంపినాను. మాటలు కావాలంటే పంపినాను. ఫోటోకు పొగ పెట్టి, మాటలు తీసి ఇంకొకరి నోట్లో పెట్టినావు. ఆమె వేషం ఎవరు వేస్తున్నారని అడిగితే జవాబే ఇవ్వలేదు, ఎందుకో ఇప్పుడు తెలిసింది. నాయన చచ్చిపోయినా ఆమె నెలల తరబడి బతికున్నట్టే ప్రార్థన చేసింది. ఆమె బతికుండగానే నువ్వు తద్దినం పెట్టినావు.

ఆ ఫోటో తీసెయ్. తీసేదాకా నీ జాబులు విప్పను.

లీలావతి


తైపే,
1986 ఏప్రిల్ 2

అక్కా,

విప్పనంటే బావ విప్పుతాడు. బావా, ఇది ఆమెకు గట్టిగా చదివి వినిపించు.

ఫోటో తీయలేను. ప్రింట్లు దేశాలు తిరుగుతున్నాయి. తీయగలిగినా తీయను. ఆ పొగ నేను కల్పించింది కాదు. ఈ ఊళ్లో దిగిన మొదటి వారమే నాయన అమ్మ పాత ఫోటో గోడకు కొట్టి, కింద ఇసుక గిన్నె పెట్టినాడు. రోజూ సాయంత్రం అగరొత్తి వెలిగించేవాడు. అడిగినవాళ్లందరికీ భార్య పోయిందని చెప్పినాడు. అమ్మ బతికుంది గదా అని నేనంటే చెంప మీద కొట్టినాడు. "రానని ఉండిపోయిందని చెప్పుకోవాల్నా?" అన్నాడు. నాతో కూడా దండం పెట్టించినాడు. నేను తీసింది నా ఇల్లు. ప్రొడ్యూసరు కూడా, ఇండియా ఆడమనిషిని ఎక్కడి నుంచి తెస్తామన్నాడు, కానీ ఆ సాకు చెప్పను. అంతకుముందే నేను నిర్ణయించుకున్నాను.

ఎందుకో విను. నీకు తెలియదన్నావు గదా.

అమ్మ లేకుండా బండెక్కనని నేను నంద్యాల స్టేషనులో కొంగు పట్టుకున్నాను. ఆమె నాతో పాటు ఎక్కింది. సంచి పైన పెట్టింది. నా పక్కన కూర్చుంది. నా తల రెండు చేతుల్తో పట్టుకొని ఏదో అంది. నాకు నవ్వొచ్చింది. కడుపు పట్టుకొని వంగి నవ్వినాను. తలెత్తేసరికి బండి కదులుతోంది, ఆమె ప్లాట్‌ఫారం మీద ఉంది. నవ్వుతూ ఉంది, అక్కా. నోటికి చెయ్యి అడ్డం పెట్టుకొని, భుజాలు ఎగరేస్తూ నవ్వుతూ ఉంది. సంచి పైనే ఉండిపోయింది. దాంట్లో నా గుడ్డలే ఉన్నాయి, ఆమెవి ఒక్కటి కూడా లేవు.

పదమూడేళ్ల కొడుకును మోసం చేసి దిగిపోయి, నవ్వుతూ నిలబడిన తల్లిని తెర మీద ఎట్ల చూపించాలి? ఎన్నోసార్లు రాసినాను. రాసిన ప్రతిసారీ ఆమె రాక్షసి అవుతోంది. చంపడమే మర్యాద అనిపించింది.

ఆరోజు ఏమందో నాకు గుర్తు లేదు. ఇరవై ఏళ్లుగా వెతుకుతున్నాను. నేను దేనికి నవ్వినాను? ఇంకేమీ అడగను. అది ఒక్కటి అడిగి రాయి.

యోహాను


ఆళ్లగడ్డ,
1986 జూన్ 8

యోహానూ,

మీ యక్క రాస్తాంది, నేను చెప్తాండా. మీ బావ చదువుతాంటే అంతా విన్న్యా. బండి దిగిపోయిన మనిషి అని ముందే రాసినావంట, ఇది నాకు చెప్పకుండా దాచిపెట్టింది. చెప్పింటే ఆ పొద్దే జవాబు చెప్పుందును, ఇంత దూరం వచ్చేది కాదు. ఇప్పుడు మధ్యలో పెన్ను ఆపి ఏడుస్తాంది. ఆపితే తంతా అని చెప్పినా.

నువ్వు మీ నాయన కుర్చీ పక్కన పెరిగినోనివి. ఏడ్చేవోని పన్ను పీకితే ఏమైతాదో నీకు తెలీదా? దవడ బిగిస్తాడు. పన్ను ఇరుగుతాది. పంటి ఏరు లోపల్నే ఉండిపోయి జల్మంతా సలుపుతాది. అందుకే నవ్వించల్ల. నవ్వి ఒళ్లు వదులైనప్పుడు పీకల్ల. నొప్పి తర్వాత తెలుస్తాది, కానీ పని అయిపోయుంటాది.

నోటీసులో ఉండేది మీ నాయన పేరు, నీ పేరు, ఆడోళ్లవి ఎయ్యలేదు. పోకపోతే ఇద్దర్నీ జైల్లో ఏస్తామన్న్యారు. ఈడ లీలకు ఒళ్లు కాలిపోతాంది. ఈ రాత్రి గడిస్తే చూద్దాం అనింది డాక్టరమ్మ. నువ్వు కొంగు పట్టుకొని ఇడ్సలే. గార్డు విజిలేస్తాండాడు, పోలీసోడు చూస్తాండాడు. ఏడ్చేవోని చేతిలో నుంచి కొంగు ఎట్ల పీకల్ల? నాకొచ్చిన పని ఒకటే. తల పట్టుకున్న్యా, ఒక మాటన్న్యా, నవ్వినావు. కొంగు ఇడిసినావు. దిగినా. మీ నాయనకు తెలుసు. ఆయప్పే కన్ను సైగ చేసినాడు, ఎప్పుడూ చేసినట్టే.

పని శుబ్బరంగా అయిందనుకుంటి. నీ సినిమా చూసినాక తెలిసె, ఏరు లోపల్నే ఉందని.

నేను నవ్వుతాంటినని రాసినావు. నోటికి చెయ్యి యాల అడ్డం పెట్టుకుంటి? నవ్వేవోళ్లు యాడన్నా నోరు మూసుకుంటారా? సినిమాలు తీసేవోనివి, బహుమానాలు తెచ్చుకునేవోనివి, నీకు అగుపడలేదా? బండి కంటికి ఆనకుండా పోయినాక ఆ చెయ్యి తీసినా. ఆసుపత్రి దాకా ఏమి చేసుకుంటా పోయినానో నంద్యాల బజారుకంతా తెలుసు, పోయి అడుక్కో.

మీ నాయన అగరొత్తి ఎలిగించినాడంటివి. ఆయప్ప పోయినాడు, గంట గూడ కొట్టించినా, ఆయప్పను ఇడ్సిపెడతాండా. నిన్ను ఇడ్సిపెట్టను. రాక్షసి అయినా సరే అని నన్ను చూపించల్సిండె. రాక్షసికి మాటలుంటాయి. సచ్చినదానికి ఏముంటాది, పొగ తప్ప?

ఆ దినం ఏమన్న్యానో అడిగినావు. బాగా గుర్తుంది. రాయను. రాస్తే అది గూడ ఇంగో పిల్లోనితో అనిపిస్తావు. వీసా లేదు, ఆఫీసు లేదు అనొద్దు. నీ సినిమా డబ్బా యా దావన వచ్చిందో ఆ దావన రా. కుర్చీ వరండాలోనే ఉంది. దాంట్లో కూసోని బుడేన్ పేపరు చదువుతాండాడు, మాట్లాడతాండాడు గూడ, లేపుతాలే. కూసో. తల పట్టుకొని ఆ మాట చెప్తా. విని నువ్వు నవ్వకపోతే అప్పుడు పెట్టుకో నీ పొగ.

బతికుండే మీ అమ్మ
జీవమ్మ